‘సొగసుగా మృదంగ తాళము’: చరణంలోది ఏ యతి?

అరసున్న: కృతి ఎలా కట్టాలో త్యాగయ్యగారు శ్రీరంజని రాగంలోని ‘సొగసుగా’ కృతిలో పాఠం చెప్పేశారు కదా. పల్లవి, అనుపల్లవి నోటికొచ్చు. చరణంలో ‘యతి విశ్రమ సద్భక్తి...’ తర్వాత ‘విరతి’ అనే గుర్తు. విశ్రమ అన్నాక మళ్లీ విరతి ఎందుకు? రెండూ ఆగడమే కదా?

ఛందోప్రియ: ‘విరతి’యే. ఇక్కడ ఆగడం కాదండీ, వైరాగ్యం. సద్భక్తిని ఆనుకుని వచ్చింది చూడండి. అసలు చూడాల్సింది ‘యతి’. మన తెలుగు పద్యంలో యతి అంటే వడి, పాదం మొదటి అక్షరానికి జతగా మధ్యలో అలాంటి అక్షరమే పడటం. ఆయన చెప్పి ఊరుకోలేదు, చేసి చూపించారు: యతి, యుత, యుక్తి. పల్లవి ‘సొగసుగా’, అనుపల్లవి ‘నిగమ’. రెండో అక్షరం ‘గ’, ప్రాస ఎంత చక్కగా పడిందో!

మృదంగం: వడి ఎలా అవుతుంది సార్? తాళ దశప్రాణాల్లో, అంటే తాళానికి చెప్పే పది అంశాల్లో, యతి ఒకటి, లయ నడకకు ఉండే ఆకారం. అందులో మృదంగయతి అనే ఉంది, కొసలు సన్నం, నడుమ వెడల్పు. పల్లవిలో మృదంగం పేరెత్తి చరణంలో యతి అన్నారంటే లయ గురించే.

ఛందోప్రియ: సంస్కృత ఛందస్సులో యతి అంటే విరామం, అది వేరే సంగతి. ఆ అర్థం తీసుకుంటే పక్కనే ‘విశ్రమ’ పునరుక్తి అవుతుంది. అంత చిన్న పాటలో స్వామివారు ఒక్క మాటైనా వృథా చేస్తారా?

తంబూర: యతులంటే ముత్తుస్వామి దీక్షితులవారిని తలుచుకోకుండా ఎలా? ఆనందభైరవిలో ‘త్యాగరాజ యోగ వైభవం’. తర్వాత ‘అగరాజ యోగ వైభవం’, ‘రాజ యోగ వైభవం’, ‘యోగ వైభవం’, ‘వైభవం’, ‘భవం’, చివరికి ‘వం’. ఆవుతోకలా పోనుపోను సన్నబడే గోపుచ్ఛయతి అంటే అదీ! కృతి రచన నేర్చుకునేవాళ్లు ముందు దీన్ని పాడుకోవాలి.

అరసున్న: అమోఘం, కాదనను. కానీ త్యాగయ్యగారు అడిగింది ‘ద్రాక్షారసం’. వినగానే అందాలి.

ఛందోప్రియ: ద్రాక్షాపాకమంటే పోతనే. ‘మందార మకరంద మాధుర్యమున’... ‘మం’కి ‘మా’ వడి ఎలా పలికిందో పైకి చదివి చూడండి. త్యాగయ్యగారి చెవిలో ఉన్నది ఆ తెలుగే.

మృదంగం: సీసపద్యం రాగంలో పాడతాం, తాళం వెయ్యం. కృతికి తాళం ప్రాణం, అందుకే ‘మృదంగ తాళము జత గూర్చి’ అని మొదలెట్టారు. పద్యం యతిని తెచ్చి కృతికి అంటగడితే ఎలా?

ఛందోప్రియ: మరి పద్యం ప్రాసను కృతిలోకి ఎందుకు తెచ్చుకున్నారో చెప్పండి.