అప్‌డేట్: హైకోర్టు ఆదేశించినా అందని నాన్నగారి పింఛను బకాయిలు – ఎట్టకేలకు వచ్చాయి

నాన్నగారి పింఛను బకాయిలు ఎనిమిది వారాల్లో చెల్లించాలని హైకోర్టు ఆదేశించి పది నెలలైనా శాఖలో కదలిక లేదని, ఏం చేయాలని ఇక్కడ అడిగాను. గత వారం మొత్తం సొమ్ము ఖాతాలో జమ అయింది. సలహాలిచ్చిన వారందరికీ కృతజ్ఞతలు.

పని చేసింది కోర్టు ఆదేశాన్ని పాటించలేదని వేసే ధిక్కరణ పిటిషనే. మా న్యాయవాది ముందుగా చూసింది తేదీలు. 1971 నాటి కోర్టు ధిక్కరణ చట్టం 20వ సెక్షన్ ప్రకారం ధిక్కరణ జరిగిన ఏడాదిలోపే కోర్టుకు వెళ్లాలి. మాకు చెల్లింపుకు కోర్టు ఇచ్చిన ఎనిమిది వారాలు దాటి అప్పటికే ఎనిమిది నెలలు. ఇంకో వినతిపత్రం ఇచ్చి చూద్దామని నేనే అనుకున్నాను. వినతిపత్రాలతో ఆ ఏడాది గడువు పెరగదట! ఉత్తర్వు ప్రతిని అధికారికి రిజిస్టర్డ్ పోస్టులో పంపిన రశీదు మాత్రం ఎంతో ఉపయోగపడింది. తమకు ఉత్తర్వు అందలేదనే మాటకు తావే లేకపోయింది.

నోటీసు వెళ్లిన మూడు వారాలకే డబ్బు వచ్చింది. అధికారి బేషరతుగా క్షమాపణ చెబుతూ అఫిడవిట్ వేశారు, కోర్టు అంగీకరించి కేసు ముగించింది. ఆరు నెలల వరకు సాధారణ జైలు, 2,000 రూపాయల వరకు జరిమానా విధించే వీలున్నా, క్షమాపణ కోర్టుకు సంతృప్తినిస్తే శిక్ష ఉండదు. ఇన్నాళ్లు మందుల ఖర్చుకు ఇబ్బంది పడిన నాన్నగారిని చూసిన నాకు అది మింగుడుపడలేదు.

ఆలస్యానికి వడ్డీ రాలేదు. అసలు తీర్పులో లేనిదాన్ని ధిక్కరణ విచారణలో కొత్తగా చేర్చరని న్యాయవాది చెప్పారు. వడ్డీ కావాలనుకునేవారు మొదటి పిటిషన్‌లోనే అడగండి.