అలన్ డెవన్‌షైర్ మేనేజర్ రికార్డును ఎలా చదవాలి?

ప్రశ్న
వెస్ట్ హామ్ ఫుట్‌బాల్ క్లబ్బుకు ఆడిన అలన్ డెవన్‌షైర్ 1996లో మేనేజర్ అయ్యాక నాన్-లీగ్ దాటి పైకి పోలేదు. టైటిళ్లు చూస్తే 2007లో ఒకటి, 2017లో ఒకటి. అయినా ఇంగ్లండ్‌లో ఆయన పేరు చెబితే అంత గౌరవం ఎందుకు? పైగా కాన్ఫరెన్స్ సౌత్, నేషనల్ లీగ్ సౌత్, స్టెప్ 2, ఆరో అంచె... ఏది ఏదో తేలడం లేదు. ఆయన క్లబ్బుల జాబితాలో మెయిడెన్‌హెడ్ పేరు రెండుసార్లు ఎందుకుంది?

జవాబు 1
ముందు అంచెల సంగతి. ఇంగ్లండ్‌లో పై నాలుగు డివిజన్లు అయ్యాక నాన్-లీగ్ మొదలవుతుంది. దాని లెక్క మళ్లీ ఒకటి నుంచే: స్టెప్ 1 అంటే మొత్తం మీద ఐదో అంచె, స్టెప్ 2 అంటే ఆరోది. 2015లో కాన్ఫరెన్స్ పేరు నేషనల్ లీగ్‌గా మారింది. కాన్ఫరెన్స్ సౌత్, నేషనల్ లీగ్ సౌత్ ఒకటే.

మెయిడెన్‌హెడ్ రెండు విడతలు. 1996–2003 మొదటిది, 2015లో రెండోది మొదలైంది. మధ్యలో హాంప్టన్ అండ్ రిచ్‌మండ్ (2003–2011), బ్రెయిన్‌ట్రీ (2011–2015). రెండు విడతలూ కలిపేసి గెలుపు శాతం తీస్తే తప్పుతుంది, ఎందుకంటే మొదటిసారి జట్టు ఐదో అంచెకు కిందుండే ఇస్త్‌మియన్ లీగ్‌లో ఉంది, రెండోసారి చాలా సీజన్లు ఐదో అంచెలో ఆడింది.

జవాబు 2
టైటిళ్లే లెక్కపెడితే అసలు పని కనపడదు. హాంప్టన్‌ను 2007లో ఇస్త్‌మియన్ ప్రీమియర్ విజేతగా ఆరో అంచెకు ఎక్కించాడు. ఆ వెంటనే వరుసగా రెండు ప్లేఆఫ్ (పై అంచెకు మిగిలిన చోటు కోసం ఆడే పోటీ) ఫైనల్స్ ఓడారు: 2008లో ఈస్ట్‌బోర్న్ బరో చేతిలో 2-0, 2009లో హేస్ అండ్ యీడింగ్ చేతిలో 3-2. 2009లో లీగ్ పట్టికలో హాంప్టన్ కంటే పైన ఉన్నది ఏఎఫ్‌సీ వింబుల్డన్ ఒక్కటే. నేరుగా ఒక్క జట్టే పైకి వెళ్తుంది కాబట్టి రెండో స్థానమూ చాల్లేదు. రికార్డులో ఇవన్నీ సున్నాలే.

బ్రెయిన్‌ట్రీతో 2013–14లో ఐదో అంచెలో 6వ స్థానం. అప్పట్లో ప్లేఆఫ్ 5వ స్థానం వరకే. 2017–18 నుంచి 7వ స్థానం వరకు తీసుకుంటున్నారు, అంటే అదే 6 ఇప్పుడైతే సరిపోయేది! నా లెక్కలో ఆయన చేసిన పెద్ద పని ఇదే, టైటిళ్లు కాదు.

జవాబు 3
బ్రెయిన్‌ట్రీ పార్ట్-టైమ్ జట్టు. పార్ట్-టైమ్ అంటే ఏమిటో తెలిస్తేనే ఆ 6వ స్థానం విలువ తెలుస్తుంది. ఆటగాళ్లకు పగలు ఉద్యోగాలు, మామూలుగా మంగళ, గురువారాల సాయంత్రం ప్రాక్టీస్. మంగళవారం మ్యాచ్ పడితే ఒక ప్రాక్టీస్ పోయినట్టే. కప్పు పోటీలు, వానకు వాయిదా పడ్డ మ్యాచ్‌లు అన్నీ ఫిబ్రవరి, మార్చిలో మంగళవారాల మీదే పడతాయి కాబట్టి సరిగ్గా అలసట పెరిగే వేళకే కసరత్తు తగ్గుతుంది. మెయిడెన్‌హెడ్ 2017లో పార్ట్-టైమ్ జట్టుగానే ఐదో అంచెకు వెళ్లింది. అక్కడ బారో లాంటి ఊరికి రోడ్డు మీద దాదాపు 450 కిలోమీటర్లు. సెలవు దొరకని ఆటగాడు బస్సు ఎక్కలేడు. అందుకే చిన్న క్లబ్బు మేనేజర్లు చుట్టుపక్కల ఉండేవాళ్లనే ఎక్కువగా తీసుకుంటారు.

ఆ 2016–17 సీజన్ చూడండి: 42 మ్యాచ్‌ల్లో 98 పాయింట్లు, వెనకాలే 96తో ఎబ్స్‌ఫ్లీట్. డేవ్ టార్పీ ఒక్కడే 40కి పైగా గోల్స్ కొట్టాడు. తర్వాతి సీజన్ మొదట్లోనే అతణ్ణి బార్నెట్ ఎగరేసుకుపోయింది. చిన్న క్లబ్బులకు ఇది మామూలే: మంచి స్ట్రైకర్ దొరికితే ఏడాదికి మించి నిలవడు. అయినా 2025లో జట్టు కింది అంచెకు దిగిపోయేదాకా ఐదో అంచెలో నిలబడ్డారు.

ప్రశ్న అడిగినవారు
థాంక్సండీ. ఆటగాడిగా ఆయన కూడా నాన్-లీగ్ నుంచే వచ్చాడా?

జవాబు 1
అవునండీ. క్రిస్టల్ ప్యాలెస్ క్లబ్బు వద్దనుకున్నాక పెరివేల్‌లోని హూవర్ ఫ్యాక్టరీలో ఫోర్క్‌లిఫ్ట్ నడుపుతూ నాన్-లీగ్ జట్టు సౌతాల్‌కు ఆడేవాడు. 1976లో వెస్ట్ హామ్ 5,000 పౌండ్లకు కొంది. 1980 ఎఫ్‌ఏ కప్ ఫైనల్లో ఆర్సెనల్ మీద సహచరుడు బ్రూకింగ్ కొట్టిన గెలుపు హెడర్‌కు దారి తీసింది ఎడమవైపు నుంచి ఈయన తీసుకెళ్లిన బంతే. ఇంగ్లండ్‌కు 8 మ్యాచ్‌లు. 1984 జనవరిలో విగన్‌తో కప్ మ్యాచ్‌లో మోకాలి లిగమెంట్లు తెగాయి. మళ్లీ పూర్తి సీజన్ ఆడింది 1985–86లో, వెస్ట్ హామ్ మూడో స్థానంలో నిలిచిన ఏడాది. గాయానికి ముందు మనిషిని ఒంటరిగా దాటే పరుగు ఆయన బలం, తర్వాత పాస్ మీద ఎక్కువ ఆధారపడ్డాడు. పాత వీడియోలు వెతికితే 1984కు ముందువి, తర్వాతివి పక్కపక్కన పెట్టి చూడండి, తేడా ఇట్టే తెలుస్తుంది.