కంటెంప్ట్ (కోర్టు ధిక్కారం) కేసులో అప్పీల్ ఒక్క వైపుకేనా?

శ్రీను_నెల్లూరు:
మా నాన్నగారి పెన్షన్ అరియర్స్ గురించి ఎనిమిది వారాల్లో పరిశీలించి ఆర్డర్ ఇవ్వమంది హైకోర్టు. ఆఫీసు వాళ్ళు కదల్లేదు, కంటెంప్ట్ వేశాం, నోటీసు వెళ్ళాక ఒక పేజీ ప్రొసీడింగ్స్ (ఆఫీసు ఉత్తర్వు) పడేశారు, "పరిశీలించాం, వీలుపడదు" అని. అంతే, ఆర్డర్ అమలైనట్టే అని కేసు క్లోజ్. అప్పీల్‌కి వెళ్దామంటే కోర్టు ధిక్కార చట్టం సెక్షన్ 19 కింద మనకి లేదన్నారు లాయర్ గారు. అదే ఆ ఆఫీసర్‌కి శిక్ష పడుంటే మర్నాడే డివిజన్ బెంచ్‌కి (ఇద్దరు జడ్జీల బెంచ్) పోయేవాడు కదా. ఇదేం న్యాయమండీ?

వకీల్_హన్మకొండ:
లాయర్ గారు చెప్పింది కరెక్టే అన్నా. ఆ 1971 చట్టం ప్రకారం శిక్ష వేస్తేనే అప్పీల్, సింగిల్ జడ్జి వేస్తే 30 రోజుల్లో డివిజన్ బెంచ్‌కి, బెంచే వేస్తే 60 రోజుల్లో సుప్రీంకోర్టుకి. కేసు మూసేస్తే లేదని 2006లో మిడ్నాపూర్ బ్యాంకు కేసు తీర్పులో సుప్రీంకోర్టు తేల్చేసింది. ధిక్కారం అనేది కోర్టుకీ ధిక్కరించినోడికీ మధ్య సంగతి, పిటిషనర్ విషయం కోర్టు దృష్టికి తెచ్చేవాడు మాత్రమే అని లెక్క. ఆరు నెలల దాకా జైలుకి పంపే పవర్ అది, పైన ఒక్క చెక్ అయినా లేకపోతే ఎట్లా?

పద్మ_గుంటూరు:
చెక్ ఉండాలి, కాదనట్లేదు. కానీ మా గుంటూరు గుడిసెల కేసు చూడండి. హైకోర్టు వద్దన్నా తహసీల్దార్ కూల్పించేశారు, 2015లో సింగిల్ జడ్జి రెండు నెలల జైలు వేశారు, ఆయన అప్పీల్ చేసి, అక్కడ ఓడి, సుప్రీంకి వెళ్ళి, ఈలోగా ప్రమోషన్ వచ్చి డిప్యూటీ కలెక్టర్ కూడా అయ్యారు. 2025లో సుప్రీంకోర్టు మళ్ళీ తహసీల్దార్‌గా దించి లక్ష ఫైన్ వేసింది. పదేళ్ళండీ! గూడు పోయినోళ్ళు ఏమై ఉంటారు? శిక్ష పడ్డ ఆయనకి ఇన్ని మెట్లున్నప్పుడు పిటిషనర్‌కి ఒక్కటైనా ఇవ్వాలి.

వకీల్_హన్మకొండ:
ఇస్తే క్లోజ్ అయిన ప్రతి కంటెంప్టూ బెంచ్ ముందుకొస్తదమ్మా, అసలు రిట్ (ప్రభుత్వ చర్యల మీద హైకోర్టులో వేసే పిటిషన్) అప్పీళ్ళు వినేదెప్పుడు? పైగా లోటు అటువైపు కూడా ఉంది, సుప్రీంకోర్టే శిక్ష వేస్తే అప్పీలే లేదు, రివ్యూ (అదే కోర్టుని మళ్ళీ చూడమనడం) ఒక్కటే. 2020లో లాయర్ ప్రశాంత్ భూషణ్‌కి కంటెంప్ట్ కింద రూపాయి ఫైన్ వేసినప్పుడు ఆయన అడిగిందీ అదే, అప్పీల్ హక్కు కావాలని. నన్నడిగితే ముందు అది సరిచేయాలి.

శ్రీను_నెల్లూరు:
బెంచ్‌కి పని పెరుగుతుందని మా నాన్నగారికి తలుపు మూసేస్తారా సార్? ఆ ఒక్క పేజీలో ఎందుకు వీలుపడదో ఒక్క కారణం కూడా రాయలేదు, దాన్ని అమలు అని ఎలా ఒప్పుకుంటాం?

వకీల్_హన్మకొండ:
కారణం రాయకపోవడమే నీ పాయింట్ అన్నా. ఆ ప్రొసీడింగ్స్ మీద కొత్త రిట్ వెయ్యి. కంటెంప్ట్ క్లోజ్ చేసిన ఆర్డర్‌లో మళ్ళీ కోర్టుకి రావచ్చని లిబర్టీ ఇచ్చారేమో చూడు, ఇవ్వకపోయినా వేయొచ్చు. ఆలస్యం మాత్రం చేయకు.