ర్యాప్ ఆల్బమ్ విడుదల: పాత సింగిల్స్ మాస్టర్, ఐఎస్‌ఆర్‌సీ విషయంలో సాయం కావాలి

నమస్కారం అండీ. హైదరాబాద్‌లో రికార్డ్ చేసిన 9 పాటల తెలుగు, దక్కనీ ర్యాప్ ఆల్బమ్ ఇది. రెండు పాటలు ముందే సింగిల్స్‌గా వచ్చాయి. ఆడియో, టైటిల్, నిడివి మార్చకుండా పాత ఐఎస్‌ఆర్‌సీ కోడ్‌లే (ప్రతి రికార్డింగ్‌కూ ఉండే గుర్తింపు కోడ్) ఇస్తే ప్లే కౌంట్ నిలుస్తుంది. చిక్కల్లా లౌడ్‌నెస్‌తోనే.

పాత మాస్టర్లు (విడుదలకు సిద్ధం చేసిన తుది ఆడియో) -8 ఎల్‌యూఎఫ్‌ఎస్ (లౌడ్‌నెస్ కొలత), కొత్తవి -11. విడిగా వింటే స్పాటిఫై రెండింటినీ -14కి దించుతుంది. ఆల్బమ్ వరుసగా వింటే మాత్రం పాటల మధ్య తేడాను అలాగే ఉంచుతుంది కాబట్టి ఆ 3 డీబీ చెవికి కొడుతుంది.

గెయిన్ 3 డీబీ తగ్గించి పాత కోడ్‌తోనే పంపొచ్చా? అలా చేస్తే లిమిటర్ (శబ్దం హద్దు దాటకుండా అణిచే టూల్) కింద నలిగిన తీన్‌మార్ డప్పు దెబ్బ తిరిగి రాదు, 808 బేస్ (డ్రమ్ మెషిన్ లోతైన బేస్) దాని మీద పడే ఉంటుంది. ఆ దెబ్బే పాటకు ప్రాణం. మిక్స్ నుంచి మళ్లీ మాస్టర్ చేస్తే కొత్త కోడ్ తప్పదా?

ఇంకొకటి: ఒక బీట్ నాన్ ఎక్స్‌క్లూజివ్ లీజ్ (అదే బీట్‌ను ఇతరులూ కొనుక్కోవచ్చు). దానికి కంటెంట్ ఐడీ (యూట్యూబ్‌లో మన ఆడియో వాడిన వీడియోలను పట్టే వ్యవస్థ) ఆపేస్తున్నాం, లేదంటే అదే బీట్ కొన్నవాళ్ల వీడియోలకు క్లెయిములు పడతాయి. మిగతా 8 పాటలకు ఉంచి, ఈ ఒక్కదానికే ఆపడం ఏ డిస్ట్రిబ్యూటర్ (పాటల్ని స్ట్రీమింగ్ యాప్‌లకు చేర్చే సంస్థ) దగ్గర కుదురుతుంది?

ఎడిటోరియల్ పిచ్‌కు (స్పాటిఫై సొంత ప్లేలిస్ట్‌లకు పాటను సూచించడానికి) విడుదలకు కనీసం 7 రోజుల ముందే ఫైళ్లు చేరాలి. అనుభవం ఉన్నవాళ్లు చెప్పండి.