దర్శనానికి వచ్చే బంధువులు దగ్గుతుంటే మాస్కు పెట్టుకోమని ఎలా చెప్పాలి?

కొర్లగుంట కోడలు:
తిరుపతిలో ఇల్లంటే తెలుసు కదా, నెలకు రెండు మూడుసార్లయినా ఎవరో ఒకరు కొండకు వెళ్తూ మా ఇంట్లో దిగుతారు. కరోనా వల్ల 2020 మార్చి 20న దర్శనాలు ఆపాక జూన్ దాకా మా గుమ్మం తొక్కినవాళ్లే లేరు, తర్వాత వచ్చినవాళ్లు కూడా ఎవరూ చెప్పకుండానే బయట కొళాయి దగ్గర కాళ్లూ చేతులూ కడుక్కుని మాస్కుతోనే లోపలికి వచ్చేవాళ్లు. ఇప్పుడు అదంతా పోయింది. మా మామగారికి షుగర్, వారానికి మూడుసార్లు డయాలసిస్. మొన్న వచ్చిన మా ఆయన చిన్నాన్న రాత్రంతా హాల్లో దగ్గుతూనే ఉన్నారు, మామగారి మంచం కూడా అక్కడే. నోరు తెరిచి చెప్పలేకపోయాను. స్వామి దగ్గరికి వచ్చినవాళ్లను అలా అంటే బాగుండదని అత్తమ్మ అంటారు. మీ ఇళ్లలో ఏం చేస్తున్నారు?

రాత్రి డ్యూటీ:
చెప్పాల్సిందే అక్కా. నేను నర్సును. డయాలసిస్ మీద ఉన్నవాళ్లకు మామూలు ఫ్లూ కూడా న్యుమోనియా దాకా వెళ్లొచ్చు. దగ్గేవాళ్లు మాస్కు పెట్టుకుంటే తుంపరలు చాలావరకు అక్కడే ఆగుతాయి. మామగారి మంచం లోపలి గదిలోకి మార్చండి, కిటికీలు తెరవండి, ఏసీ వేసి తలుపులు మూస్తే అదే గాలి తిరుగుతుంటుంది. ఏటా వేసే ఫ్లూ టీకా గురించి ఆయన డాక్టర్‌ను అడగండి.

బస్టాండ్ టిఫిన్:
నాది హోటలమ్మా. ఒకప్పుడు వంట మాస్టర్‌కు జ్వరమున్నా మాత్ర వేసుకుని రమ్మనేవాణ్ణి, తలుచుకుంటే ఇప్పటికీ బాధగా ఉంటుంది. కరోనా తర్వాత జ్వరమొస్తే కూలి ఇచ్చి ఇంటికి పంపిస్తున్నా. కూలి పోతుందంటే ఎవరైనా జబ్బు దాచిపెట్టి వస్తారు. చుట్టాలూ అంతే, దర్శనం టికెట్ మూడు నెలల ముందు తీసుకుని ఉంటారు, వదులుకోలేరు. అందుకే దగ్గు ఉందని చెప్పరు.

చిత్తూరు పెద్దక్క:
చెల్లీ, గడప దాటాక చెబితే ఎవరైనా నొచ్చుకుంటారు. వాళ్లు బయలుదేరకముందే ఫోన్ చేసి మామగారి పరిస్థితి చెప్పు, దగ్గూ జ్వరం ఉంటే టీటీడీ వసతి గృహం శ్రీనివాసంలోనో లాడ్జిలోనో గది చూస్తామను, ఇంటి నుంచి క్యారియర్ పంపించు. అన్నం పెట్టినవాళ్లను ఎవరూ తప్పుబట్టరు.

కొర్లగుంట కోడలు:
ఇవన్నీ అత్తమ్మకు చదివి వినిపించాను. మంచం మార్చడానికి ఒప్పుకున్నారు, ఫోన్ మాత్రం నన్నే చేయమన్నారు. శనివారం మదనపల్లె నుంచి ఐదుగురు వస్తున్నారు, ఇప్పుడే చేస్తున్నాను.