సమస్యాపూరణం: ఎండినట్టి యేట నీత కొట్టె

నిర్వాహకురాలు, పర్లాకిమిడి:
అందరికీ నమస్కారం. ఈ వారం సమస్య:

ఎండినట్టి యేట నీత కొట్టె

ఇది ఆటవెలది నాలుగో పాదం. కొత్తగా చేరినవాళ్ళ కోసం ఒకసారి చెప్తాను. గణమంటే కొన్ని అక్షరాల గుంపు, సూర్య, ఇంద్ర అన్నవి అందులో రకాలు. ఒకటి, మూడు పాదాల్లో మూడు సూర్యగణాలు, రెండు ఇంద్రగణాలు. రెండు, నాలుగు పాదాల్లో ఐదూ సూర్యగణాలే. నాలుగో గణం మొదటి అక్షరం పాదం మొదటి అక్షరంతో జత కుదరాలి, అదే యతి. ప్రాస, అంటే పాదాలన్నిట్లో రెండో అక్షరం కలవడం, అక్కర్లేదు.

విషయం కూడా నేనే ఇస్తున్నాను. చాలా ఏళ్ళ తర్వాత సొంతూరికి రావడం, ఎప్పుడో వదిలేసుకున్న మనిషి మళ్ళీ ఎదురుపడటం, చల్లారిందనుకున్న కోరిక మళ్ళీ రాజుకోవడం. ఈ కాలపు ప్రేమ నవలిక ఒకటి వంద పేజీల్లో చెప్పేదాన్ని మీరు మూడు పాదాల్లో చెప్పాలి, నాలుగోది ఎలాగూ నాది. మన ఊరి ఏరు మహేంద్రతనయని వేసవిలో చూసినవాళ్ళకి ఎండిన ఏరంటే ఏంటో వేరే చెప్పక్కర్లేదు. కోరిక గురించి రాయడానికి సిగ్గుపడొద్దు, పద్యం దాన్ని మోయగలదు.

బరంపురం సభ్యుడు:

సూరతూరు విడిచి సొంతూరు చేరగా
గడప దగ్గరామె కంటపడియె
కునుకు పట్టినంత కోరిక కలలోన
ఎండినట్టి యేట నీత కొట్టె

మా గంజాం జిల్లా నుంచి సూరత్ మగ్గాల మీద పనికి పోయినవాళ్ళు వీధికి ఒకరైనా ఉంటారు. నా పద్యంలో మనిషి వాళ్ళలో ఒకడు.

నిర్వాహకురాలు:
గణాలు, యతులు అన్నీ సరిపోయాయి. సూరత్ పెట్టడం చాలా బాగుంది, ఆ ఒక్క మాటతో మనిషి ఎవడో, ఎందుకు వెళ్ళాడో తెలిసిపోయింది. కానీ కల ఒప్పుకోలేను. ఏ సమస్య ఇచ్చినా కలలో జరిగిందంటే తీరిపోతుంది, అలా తీరితే ఇక్కడ ఈత కొట్టినవాళ్ళెవరూ లేనట్టే. గడప దగ్గర ఆమెను నిలబెట్టి మీరు అతన్ని నిద్రపుచ్చారు, ఆమె అక్కడే నిలబడి ఉండిపోయింది. మూడో పాదం మళ్ళీ రాయండి, మిగతాది ముట్టుకోవద్దు.

పర్లాకిమిడి కాలేజీ కుర్రాడు:
మేడం, నేను ఒడియా మీడియం, పద్యం మా తాతయ్య దగ్గర నేర్చుకుంటున్నాను. తప్పులుంటే చెప్పండి.

రైలు దిగినవాని యలసిన ముఖమును
తడిమె చూపుతోడ తాను మెల్ల
ఇంకెననుచునున్న యెదలోని కోరిక
ఎండినట్టి యేట నీత కొట్టె

కాశీనగరం మాస్టారు:
బాబూ, మొదటి పాదంలో యతి తప్పింది. రై అన్నదానికి నాలుగో గణంలో య కుదరదు. ఇలా అనుకో:

బండి దిగినవాని బడలిన మోమును

బం, బ సరిపోతాయి, భావం నీదే. మూడో పాదం మాత్రం నిజంగా బాగా వచ్చింది, తాతగారికి నా నమస్కారాలు చెప్పు.

నిర్వాహకురాలు:
మాస్టారి సవరణతో ఛందస్సు కుదిరింది. నాకు ఇంకొకటి తోస్తోంది తమ్ముడూ. నీ పద్యంలో అతను ఎన్నాళ్ళకి వచ్చాడో తెలియదు, పొద్దున నౌపడా వెళ్ళి సాయంత్రం వచ్చినవాడైనా కావచ్చు. మధ్యలో గడిచిన కాలం పద్యంలోకి రాకపోతే కోరిక మళ్ళీ పుట్టడానికి అర్థమే లేదు. మన ఊరి రైలే ఆ కాలాన్ని చెప్పగలదు కదా! 1900లో నౌపడా నుంచి మన ఊరికి చిన్న బండి (నేరోగేజి రైలు) వేశారు, 1931లో అది గుణుపురం దాకా వెళ్ళింది, 2004లో ఆ చిన్న బండి ఆగిపోయింది, 2011కల్లా గుణుపురం వరకూ పెద్ద లైను (బ్రాడ్‌గేజి) వచ్చింది. చిన్న బండి ఎక్కి పోయినవాడు పెద్ద బండిలో దిగాడంటే చాలు, ఎన్నేళ్ళో లెక్క చెప్పక్కర్లేదు.

చిన్న బండి నెక్కి చేజారిపోయిన
వాడు నేడు పెద్దబండి దిగెను
ఇంకెననుచునున్న యెదలోని కోరిక
ఎండినట్టి యేట నీత కొట్టె

రెండో పాదంలో వా, బం యతి చెల్లుతుంది. కింది రెండూ నీవే, పైవి నీకిచ్చేశాను, ఉంచుకో.

గుణుపురం అక్క:
ఊరికి తిరిగొచ్చేది ఎప్పుడూ మగవాడే ఎందుకవ్వాలి? మా వీధిలో ఎంతమంది ఆడపిల్లలు అమ్మ పోయాక ఇల్లు తాళం వేసుకోవడానికో, అమ్ముకోవడానికో వచ్చి వెళ్తున్నారో. నాది ఇది:

అమ్మ యిల్లు నమ్మ నరుదెంచినామెకు
పాత తోడు వచ్చి పలుకరించె
ఇల్లు నమ్ము మాట యెటుబోయె, మనసేమొ
ఎండినట్టి యేట నీత కొట్టె

బరంపురం సభ్యుడు:
అక్కా, మూడో పాదం చదివి కాసేపు అలాగే ఉండిపోయాను. ఒక సందేహం, ఆమెకి పెళ్ళయిందా? అయితే ఇది తప్పు కాదా?

గుణుపురం అక్క:
ఆ పాత తోడు ఆమె విడిపోయిన భర్తే అయ్యుండొచ్చు కదా తమ్ముడూ. నేను చెప్పలేదు, చెప్పడానికి పాదమూ మిగల్లేదు. ఇల్లు బేరం పెట్టడానికి వచ్చిన మనిషి బేరం మర్చిపోయింది, నాకు అంతే కావాలి.

నిర్వాహకురాలు:
కోరికను నేరుగా చెప్పకుండా, చెయ్యాల్సిన పనిని ఆమె మర్చిపోవడంలో చూపించారు. ఈ వారం వచ్చిన పాదాలన్నిట్లో "ఇల్లు నమ్ము మాట యెటుబోయె" నాకు అన్నిటికంటే ఇష్టం. మాట్లాడుకునే తెలుగు అలాగే పద్యంలోకి వచ్చింది, గిడుగు రామమూర్తి గారు పాఠాలు చెప్పిన ఊళ్ళో కూర్చుని దానికి అభ్యంతరం చెప్పను. ఒక్క "మనసేమొ" కొంచెం తేలిక, అక్కడ ఇంకా బలమైన మాట పడాల్సింది.

కాశీనగరం మాస్టారు:
నా వంతు. పై కొండల్లో వాన పడితే ఇక్కడ చుక్క పడకపోయినా ఏరు రాత్రికి రాత్రి పొంగుతుంది, అది మనసులో పెట్టుకుని రాశాను.

కొండ మీద వాన కురిసిన రేయిలో
తనయ పొంగినట్లు తనువు పొంగె
ఇసుక మీద నిన్న నేగిన వాడె యీ
ఎండినట్టి యేట నీత కొట్టె

తనయ అంటే మన మహేంద్రతనయే.

రాయగడ సభ్యురాలు:
మాస్టారూ, రెండో పాదం నడక అద్భుతం, తనయ, తనువు పక్కపక్కన భలే కుదిరాయి. కానీ ఏరు పొంగాక ఇంక ఎండిన ఏరు ఎక్కడుంది? పైగా కొండవరద వచ్చినంత తొందరగానూ తీసేస్తుంది, వీళ్ళ కోరిక కూడా అంతేనా? నాగావళి ఇసుకలో చెలమ తవ్వుకుని బిందెలు నింపుకున్నవాళ్ళం మేము, కాబట్టి ఇలా రాశాను.

ఇసుక కింద నీటి నెరిగినదామెయే
చెలమ తవ్వినట్లు చేయి పట్టె
ఏళ్ళు దాటి వచ్చి యిన్నాళ్ళ కాతడు
ఎండినట్టి యేట నీత కొట్టె

కాశీనగరం మాస్టారు:
వరద తీసేస్తుందన్నది నిజమే అమ్మా. అయితే ఆ వయసులో ఒక్క రాత్రి పొంగినా తక్కువేమీ కాదు, నేను దాన్నే చెప్పాలనుకున్నాను. మరి నీ పద్యానికి నా ప్రశ్న: చెలమలో ఈత కొట్టగలమా? అది బిందె ముంచుకునేంత నీళ్ళే కదా.

రాయగడ సభ్యురాలు:
కొట్టలేం మాస్టారూ. కానీ చెలమ తవ్వింది ఆమె, ఈత కొట్టింది అతను. ఆమె చేయి పట్టుకోవడమే అతనికి అంత నీరైంది.

నిర్వాహకురాలు:
ఇద్దరి మాటా నాకు నచ్చింది, అయినా నా తీర్పు చెప్పాలి కాబట్టి చెప్తున్నాను. కల పెడితే ఈత అబద్ధమవుతుంది, వరద తెస్తే ఎండడం అబద్ధమవుతుంది. చెలమ పద్యంలో రెండూ నిజంగానే ఉన్నాయి, ఏరు పైకి ఎండే ఉంది, నీరు అడుగున ఎప్పుడూ ఉంది, ఉందని ఆమెకి ముందే తెలుసు. ఊరొదిలి పోయినవాడికి ఆ సంగతి తెలియదు, ఊళ్ళో ఉండిపోయిన మనిషికే తెలుసు. ఇన్నేళ్ళూ ఆమె ఏం చేసిందో మొదటి పాదం చెప్పేసింది. చెలమ నుంచి ఈతకి దూకిన చోట తర్కం కొంచెం తెగిందన్న మాస్టారి మాట సరైనదే, కానీ మనుషులు అక్కడే కదా దూకేది. చేయి తప్ప ఇంకేమీ తాకని పద్యంలో ఇంత కోరిక పట్టడం నాకు ఆశ్చర్యంగా ఉంది. మొన్న కోరిక మాట పైకి చెప్పమన్నాను, ఈమె ఆ మాట ఎక్కడా వాడలేదు, ఆ లోటూ కనపడలేదు. ఈ వారానికి ఇదే మొదటిది. గుణుపురం అక్క పద్యం దాని పక్కనే.

బరంపురం సభ్యుడు:
కల తీసేశాను మేడం. చూడండి.

సూరతూరు విడిచి సొంతూరు చేరగా
గడప దగ్గరామె కంటపడియె
నెరసె తలలు గాని నిలిచిన కోరిక
ఎండినట్టి యేట నీత కొట్టె

నిర్వాహకురాలు:
ఇప్పుడు గడప దగ్గర ఇద్దరూ మేలుకునే ఉన్నారు! నెరసె, నిలిచిన యతి కుదిరింది, వాళ్ళ వయసూ తెలిసింది, మధ్యలో పోయిన ఏళ్ళూ వచ్చేశాయి. ముందే ఇలా పంపి ఉంటే నా తీర్పు ఇంకా కష్టమయ్యేది.

వచ్చే వారానికి ఛందస్సు మార్చి తేటగీతి పాదం ఇస్తున్నాను, విషయం ఇదే కొనసాగిద్దాం, గుణుపురం అక్క లేపిన విడిపోయిన భర్త సంగతి ఇంకా తేలలేదు కాబట్టి:

మగడె పరపురుషుండయ్యె మగువ కపుడు

ఆదివారం రాత్రిలోగా పంపండి. కలలు వద్దు, మారువేషాలు కూడా వద్దు.