స్లోడ్ రివర్బ్ వింటే ఏడుపెందుకొస్తుంది?

రాత్రిబస్సు:
నైట్ షిఫ్ట్ అయ్యాక ఆఫీస్ బస్సులో ఔటర్ రింగ్ రోడ్డు మీద వస్తుంటే యూట్యూబ్‌లో దానంతట అదే ఒక ప్రేమ పాట స్లోడ్ రివర్బ్ వెర్షన్ వచ్చింది, అంటే పాటని నెమ్మది చేసి రివర్బ్ (ప్రతిధ్వని లాంటి మోత) కలిపింది. నాకు కొత్త పాటేం కాదు, కాలేజీ ఫెస్ట్‌లో దానికి డాన్స్ కూడా వేశాం. మొన్న మాత్రం పల్లవి అయిపోయి చరణం వచ్చేసరికి కళ్ళలో నీళ్ళు తిరిగాయి, పక్క సీటతను చూస్తాడేమోనని కిటికీ వైపు తిరిగి కూర్చున్నా. బ్రేకప్ లాంటిదేమీ లేదు నాకు. అదే పాట, అవే మాటలు, మరి ఏం మారింది?

మంద్రస్థాయి:
శ్రుతి మారింది బ్రో. వేగం 85 శాతానికి తగ్గిస్తే గొంతు కూడా దిగుతుంది, హార్మోనియం మీద నల్లవీ తెల్లవీ కలిపి లెక్కపెడితే దాదాపు మూడు మెట్లు కిందికి. అంతవరకు హుషారుగా ఉన్న గొంతు బరువెక్కుతుంది, మాటకీ మాటకీ మధ్య ఖాళీ పెరుగుతుంది, ఆ ఖాళీలోకి రివర్బ్ వచ్చి చేరుతుంది. అందరూ వెళ్ళిపోయిన ఫంక్షన్ హాల్లో ఎవరో ఒక్కరే పాడుతున్నట్టు ఉంటుంది. ఆడాసిటీ అనే ఆడియో ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్‌లో శ్రుతి కదలకుండా టెంపో (వేగం) ఒక్కటే తగ్గించి చూడు, నాకైతే అందులో సగం కూడా తగల్లేదు.

టెక్సాస్‌తెలుగు:
దీని పుట్టిల్లు నేనుండే హ్యూస్టనే. 1990ల మొదట్లోనే డీజే స్క్రూ ఇక్కడ ర్యాప్ పాటల్ని బాగా నెమ్మది చేసి క్యాసెట్లు అమ్మేవాడు, జనం కార్లలో వేసుకుని తిరిగేవాళ్ళు. 2000లో 29 ఏళ్ళకే పోయాడు. 2017లో స్లేటర్ అనే ఈ ఊరి కుర్రాడే దానికి రివర్బ్ కలిపి యూట్యూబ్‌లో పెట్టడం మొదలుపెట్టాడు. మన పాటలకి ఇలా చేసేవాళ్ళు ఆ పేర్లు కూడా ఒక్క లైను రాస్తే బాగుంటుంది.

పాతక్యాసెట్:
నాకు నచ్చదండీ, గమకాలు సాగి తబలా వదులైపోతుంది. కానీ చిన్నప్పుడు మా టేప్‌రికార్డర్‌లో సెల్స్ అయిపోతే పాట ఇలాగే సాగేది. అమ్మ ఆపనిచ్చేది కాదు, వంటింట్లో నుంచే "ఉండనీరా" అనేది. మర్నాడు ఆ సెల్స్ తీసి ఎండలో పెట్టేవాళ్ళం. ఇవి వింటే అమ్మ గుర్తొస్తుంది, అందుకే పూర్తిగా కాదనలేను.

రాత్రిబస్సు:
@మంద్రస్థాయి టెంపో ఒక్కటే తగ్గించి విన్నా, నిజమే, ఏమీ అనిపించలేదు. మళ్ళీ ఆ వెర్షనే పెట్టుకున్నా. చరణం ఎత్తుకునే ముందు గాయని ఊపిరి పీల్చుకోవడం ఇన్నేళ్ళలో ఇదే మొదటిసారి వినడం. మొన్న బస్సులో నీళ్ళు తిరిగింది కూడా సరిగ్గా అక్కడే.